మూగ షాట్‌లో ఒక సాక్ష్యం

1955 డిసెంబరులో నన్ను హైదరాబాదు పాతబస్తీకి డ్యూటీ మీద పంపారు. అప్పుడు నేను బొంబాయిలో, ప్రభుత్వం కోసం డాక్యుమెంటరీలు తీసే ఒక యూనిట్‌లో రెండో కెమెరామన్‌ని. పెద్ద కెమెరా, లైట్లు మొదటి కెమెరామన్ చూసుకుంటాడు. చేత్తో పట్టుకుని తీసే చిన్న కెమెరా రెండోవాడిది. ఆ ఏడు బర్మా యుద్ధంలో పనిచేసిన మన సైనికుల మీద రెండు రీళ్ల చిత్రం తలపెట్టారు. రెండు రీళ్లంటే ఇరవై నిమిషాల లోపు. అందులో సగం యుద్ధకాలంలో తీసిన పాత ఫిల్ము. మిగతా సగం, ఆ యుద్ధం నుంచి తిరిగి వచ్చినవాళ్లు ఇప్పుడు ఏం చేసుకుంటున్నారో చూపించేది.

హైదరాబాదు నుంచి ఎంపికైన మనిషి పేరు యాదగిరి. కార్వాన్‌లో పాల వ్యాపారం. డైరెక్టర్ దేశాయ్ గారికి తెలుగు రాదు. నేను షాలిబండలో పుట్టి పెరిగినవాణ్ణి. అందుకని పెద్ద కెమెరా లేకుండా మా ఇద్దరినే పంపారు.

యాదగిరి యుద్ధంలో ఖచ్చర్ కంపెనీలో నాయక్. ఖచ్చర్ అంటే కంచరగాడిద. లారీలు పోలేని కొండదారుల్లో తూటాల పెట్టెలు, బియ్యం, ఒక్కోసారి గాయపడ్డవాళ్లను మోసుకెళ్లేవి అవే. నాయక్ హోదా సిపాయికి పైన, హవల్దారుకు కింద. చొక్కా చేతి మీద రెండు పట్టీలుంటాయి. మేము వెళ్లేసరికి ఆయన బనియన్ మీద ఉండి బర్రెలు కడుగుతున్నాడు.

"ఖచ్చర్‌కు బర్రెకు ఫరక్ ఏంది?" అని దేశాయ్ గారు నా ద్వారా అడిగించారు.

"బర్రె తన్నేముందు ఒకపారి మొకం దిక్కు జూస్తది సార్. ఖచ్చర్‌కు గసొంటి మర్యాద లేదు."

నేను అనువదించాను. దేశాయ్ గారు నవ్వారు. ఈ మనిషి తెర మీద బాగుంటాడని ఇద్దరికీ అనిపించింది.

ఇక్కడ మా పని పద్ధతి ఒకటి చెప్పాలి. ఆ రోజుల్లో మేము బయట తీసే షాట్లలో నూటికి తొంభై మూగవే. మాట కూడా పట్టాలంటే వేరే సౌండు వ్యాను, దాని మనుషులు, గరగరమనకుండా కెమెరాకు పెద్ద తొడుగు కావాలి. చిన్న కెమెరాకు అవేవీ లేవు. గడియారానికిచ్చినట్టు చావి ఇచ్చి వదిలితే అర నిమిషం లోపు నడిచి ఆగిపోతుంది. బొమ్మ మాత్రమే పడుతుంది. తరవాత బొంబాయిలో వ్యాఖ్యాత గొంతు దాని మీద ఎక్కిస్తారు. అయినా మనిషి నోరు మూసుకుని నిలబడితే తెర మీద బొమ్మలా ఉంటాడని, ఏదో ఒకటి మాట్లాడమంటాం. మాట పడటం లేదని మాత్రం చెప్పం. చెబితే నవ్వేస్తాడు, మొహంలో పట్టు పోతుంది అని మా సీనియర్లు నేర్పారు. నేనూ అదే పాటించాను. అంతవరకు అదొక మోసమని నాకు తోచలేదు.

దేశాయ్ గారికి ఖచ్చర్ మీద బరువు కట్టే తీరు కావలసి వచ్చింది. ఖచ్చర్ దొరకలేదు. దొడ్లో అడ్డదూలం మీద రెండు తౌడు బస్తాలు వేలాడేసి, వాటినే బరువు అనుకున్నాం. యాదగిరి తాడు చేతిలోకి తీసుకున్నాడు. ముందు చేతులు తీశాను. తరవాత మొహం దగ్గరగా తీయాలి.

"కట్టుకుంటూనే ఏదైనా మాట్లాడు. ఆగొద్దు" అన్నాను.

"ఏం మాట్లాడాలె సార్?"

"యుద్ధం సంగతి. నీ ఇష్టం."

"నా ఇష్టమేనా?"

"నీ ఇష్టమే."

ఆయన తాడు దూలం మీద వేసి ఇంట్లోకి వెళ్లాడు. మొహం కడుక్కొని, ఇస్త్రీ అంగీ వేసుకొని, మెడ దాకా గుండీలు పెట్టుకొని వచ్చాడు. సినిమా మోజు అనుకున్నాను. చావి ఇచ్చి మొదలుపెట్టాను. ఆయన ముడి మీద ముడి వేస్తూ, నేరుగా నా అద్దంలోకి చూస్తూ మాట్లాడాడు. నా కన్ను వ్యూఫైండరులో ఉంది. ఎండ ఆయన కళ్లలో పడుతుందా, వెనక బర్రె తోక చట్రంలోకి వస్తుందా, ఫిల్ము ఎంత మిగిలింది, ఇవి చూసుకుంటున్నాను. ఆయనకు రెండు మూరల దూరంలో ఉన్నాను. ఆ మాటలు వినడానికి ఈ లోకంలో అప్పుడు వీలున్న తెలుగువాణ్ణి నేనొక్కణ్ణే. ఒక్క మాట నా చెవిన పడలేదు. కెమెరా ఆగింది, తలెత్తి "బాగుంది" అన్నాను.

మర్నాడు మేము అఫ్జల్‌గంజ్ దగ్గర లాడ్జిలో ఫిల్ము డబ్బాలు కడుతుండగా యాదగిరి వచ్చాడు. వెంట ఒక ముసలాయన, చేతిలో తడిగుడ్డలో చుట్టిన పూలు. ఆయన రామచందర్. కిషన్‌బాగ్‌లో గుడికి దండలు కట్టడం వాళ్ల వంశంలో వస్తున్న పని. ఆయన కొడుకు బాలకిషన్ కూడా యాదగిరి కంపెనీలోనే ఉండేవాడు. తిరిగి రాలేదు. కనిపించడం లేదని మాత్రం ఫౌజు నుంచి కబురు వచ్చింది. చనిపోయాడని రాలేదు.

ఆ రెండింటి సందులోంచి ఒక పుకారు పుట్టింది. బాలకిషన్ బరువు పారేసి పారిపోయాడని, రంగూన్‌లో పెళ్లాం పిల్లలతో ఉన్నాడని. ఈ మాట ఎక్కువగా అనేవాడు నర్సింగ్ పహిల్వాన్. తాలీంఖానా నడుపుతాడు, అంటే కుస్తీలు నేర్పే చోటు. అతని మాటకు వాడలో బరువుంది. పారిపోయినోని ఇంట్ల కట్టిన దండలు పెండ్లికెందుకని అతనొకసారి అన్నాడట. అప్పటి నుంచి రామచందర్‌కు పెళ్లి పూలు అడిగేవాళ్లు లేరు. గుడి ఒక్కటే మిగిలింది.

"నేను గిన్నేండ్ల సంది చెప్తనే ఉన్న సార్," అన్నాడు యాదగిరి. "ఎవ్వడు నమ్మడు. సోపతోడు గద, గట్లనే చెప్తడంటరు. ఇగ సర్కారు బొమ్మల వస్తే ఎవడు కాదంటడు? నిన్న మొత్తం చెప్పేసిన. పేరుతోటి సహా."

"పహిల్వాన్ ఏమన్నడో అది గూడ చెప్పు" అన్నాడు ముసలాయన.

"ఏమంటడు కాకా. బొమ్మల ఆ మాట ఇనవడ్తే అందరి ముంగట నీ తాన దండ గొని నీ మెడలనే ఏస్తనన్నడు. మీసం మీద చెయ్యేసి మరీ అన్నడు."

రామచందర్ నా వైపు తిరిగాడు. నా మొహం మీద కాకుండా కొంచెం పక్కగా చూస్తున్నాడు. "ఎప్పుడొస్తది బిడ్డా? నాకు దూరం కండ్లు ఆనవు. బొమ్మ ఎట్లుంటదో నాకు ఎర్క గాదు. ఇనుడైతే మంచిగ ఇంట."

అప్పుడే చెప్పి ఉండాల్సింది. నాలుగు మాటల పని. ఆయన మూగ షాట్‌లో మాట్లాడాడు, ఏమీ రికార్డు కాలేదు, తప్పు నాది. చెప్పలేదు. "మూడు నాలుగు నెలలు పడుతుంది" అన్నాను. ఆ ముసలాయన పూలలోంచి ఒక మూర తెంపి మా డబ్బాల మీద పెట్టాడు. బండి ఎక్కేదాకా ఆ పూల వంక చూడకుండా గడిపాను.

బొంబాయిలో ఫిల్ము కడిగి రషెస్ వేశారు. రషెస్ అంటే కోయక ముందు, తీసింది తీసినట్టు తెర మీద చూసుకోవడం. చీకటి గదిలో ప్రొజెక్టరు చప్పుడు తప్ప ఇంకేమీ లేదు. తెర నిండా యాదగిరి మొహం. ముడి బిగిస్తూ మాట్లాడుతున్నాడు. ఇప్పుడు నేను ఆ పెదవులనే చూస్తున్నాను. ఒక చోట రెండు పెదవులూ కలిసి విడిపోయాయి. అది బాలకిషన్ అన్న మాట అని తెలిసిపోయింది. మాట ఉంది, గొంతు లేదు.

"ఫస్ట్ క్లాస్ షాట్. దీని మీద మన వీరుల త్యాగం గురించి నాలుగు వాక్యాలు వేద్దాం" అన్నారు దేశాయ్ గారు.

లైట్లు వెలిగాక ఆయనకు జరిగింది చెప్పాను. ఆయన నా కంటే పదిహేనేళ్లు పెద్ద, మాటలో కచ్చితమైన మనిషి. మూగ షాట్ అని చెప్పలేదా అన్నారు. లేదన్నాను. తరవాత అడిగినప్పుడైనా చెప్పలేదా అన్నారు. లేదన్నాను. "అయితే ఇప్పుడు నన్నేం చెయ్యమంటావు?" అన్నారు.

వ్యాఖ్యాత చేత ఆ పేరు చెప్పించడం కుదరదని ఆయన వివరించారు. వ్యాఖ్యానంలో వచ్చే ప్రతి వాక్యం ప్రభుత్వం మాటగా లెక్క. పై అధికారి ఆమోదించాలి. కనిపించని సైనికుడు పారిపోలేదని ఏ అధికారీ సంతకం పెట్టడు. అది నాకూ తెలుసు. బండిలో వస్తూ అదే ఆలోచించాను.

"వ్యాఖ్యాత వద్దు సార్. యాదగిరినే రప్పిద్దాం. ఆయన మొహానికి ఆయన గొంతే కలుపుదాం. అప్పుడది ప్రభుత్వం మాట కాదు, చూసినవాడి మాట."

దేశాయ్ గారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. "మనిషిని నేను స్వయంగా అడుగుతాను. నాకు నమ్మకం కలగాలి. ఆపైన పెదవి కలవాలి. కలవకపోతే కోసేస్తాను, నువ్వు మళ్లీ అడగకూడదు" అన్నారు.

యాదగిరి బర్రెలను బామ్మర్దికి అప్పజెప్పి వచ్చాడు. స్టేషన్లో దిగగానే, ఇంటికి తీసుకెళ్లక ముందే, ప్లాట్‌ఫారం మీద నిలబెట్టి అసలు సంగతి చెప్పాను. ఇంటికి తీసుకెళ్తే మళ్లీ ధైర్యం చాలదని భయం.

ఆయన సంచీ కింద పెట్టాడు. "అంటే నేను గోడకు చెప్పిన్నా?"

"గోడకు కాదన్నా, నాకు చెప్పినవ్. నేను వినలేదు."

అన్నా అని పిలవడం అదే మొదలు. ఆయన గమనించాడో లేదో తెలియదు.

"దగ్గర్నే ఉంటివి గద సార్" అన్నాడు. తిట్టినా బాగుండేది. సంచీ ఎత్తుకుని, "సరె, నడువు. మల్ల చెప్త. చెప్పుడు నాకేం కొత్త గాదు" అన్నాడు.

దేశాయ్ గారు నా ద్వారా ఆయన్ని చాలాసేపు ప్రశ్నించారు. బాలకిషన్‌ను ఆఖరుసారి చూసిన వాగు ఎంత వెడల్పు, నువ్వెక్కడ నిలబడ్డావు, వెలుతురు ఉందా, ఆపైన అతన్ని ఎవరైనా చూశారా. యాదగిరి ఎక్కడా తడబడలేదు. తెలియనిది తెలియదన్నాడు. చివరకు దేశాయ్ గారు, ఇది అబద్ధమని తేలితే ఏమిటి అని అడిగారు.

"నేను నా పేరు చెప్పే మొదలువెట్టిన సాబ్. అబద్ధమైతే నా పేరు పట్కొని కార్వాన్ రాండ్రి. బర్రెల తాన్నే ఉంట."

నేను అనువదించబోతే దేశాయ్ గారు చెయ్యి అడ్డం పెట్టారు. అర్థమైందన్నారు.

మర్నాడు పొద్దున డబ్బింగు. ఆ పని అప్పుడు ఇలా చేసేవారు. కావలసిన ఫిల్ము ముక్క కొసలు రెండూ కలిపి అతికి వలయం చేస్తారు. దాన్ని లూపు అంటారు. ప్రొజెక్టరులో అది ఆగకుండా తిరుగుతుంటే తెర మీద అదే మొహం, అవే మాటలు మళ్లీ మళ్లీ వస్తాయి. మనిషి మైకు ముందు నిలబడి తన పెదవులకు తన మాట కలపాలి. సినిమా నటులకే చెమటలు పట్టే పని. ఆ గది మాకు మధ్యాహ్నం భోజనం వేళ వరకే ఇచ్చారు.

"అద్దంల గూడ నన్ను నేను గిన్నిసార్లు జూస్కోలే" అన్నాడు యాదగిరి. ఆ నవ్వు ఎక్కువసేపు నిలవలేదు. మొదట హాజరీ పిలిచినట్టు గట్టిగా అరిచాడు. తగ్గించమంటే పెదవుల కంటే వెనకబడ్డాడు. తొందరపెడితే ముందుకు పోయాడు. మాటలు మరిచిపోయాడా అంటే అదీ కాదు. "ఇన్నేండ్ల సంది ఇవే మాటలు జెప్పిన. ఒక్కటి ఇటటు గాలే. కానీ గక్కడున్నోడు నాతోని నడుస్తలేడు" అన్నాడు తెర చూపించి. సౌండు ఇంజనీరు గడియారం చూసుకున్నాడు. దేశాయ్ గారు కుర్చీలో వెనక్కి వాలారు. ఆయన వెనక్కి వాలితే విషయం వదిలేస్తున్నట్టని నాకు తెలుసు.

యాదగిరి అరచేతులు ప్యాంటుకు తుడుచుకుంటున్నాడు. వాటితో ఏం చెయ్యాలో తెలియనట్టు ఒకసారి కట్టుకున్నాడు, ఒకసారి వదిలాడు. అప్పుడు నాకు తట్టింది. తెర మీద ఉన్నవాడి చేతులు ఖాళీగా లేవు. పొద్దుటి నుంచి అందరం పెదవులనే చూస్తున్నాం.

"ఆ రోజు తాడు కట్టుకుంటూ మాట్లాడినవ్ కదన్నా" అన్నాను.

"ఔ గద" అన్నాడు. "ముడి బిగిచ్చేటప్పుడు ఊపిరి ఆగుతది. మాట గూడ ఆగుతది."

తాడు కోసం స్టూడియో అంతా వెతికాను. పెట్టెలు కట్టే పురికొస దొరికింది కానీ సన్నం. చివరకు సెట్టు తెరలు కట్టే లావుపాటి తాడు ఒకటి తెచ్చి, కుర్చీ వీపుకు వేశాను. ఆయన దాన్ని చేత్తో తడిమి, ఒకసారి గుంజి చూసి, తెర వైపు తిరిగాడు. లూపు తిరిగింది. తెర మీది చేతులతో పాటు ఇక్కడి చేతులూ కదిలాయి. ముడి దగ్గర ఊపిరి ఆగింది, అక్కడే మాట ఆగింది.

"నేను నాయక్ యాదగిరి, కార్వాన్. బాలకిషన్ నా జోడి. కిషన్‌బాగ్ రామచందర్ కొడుకు. వాగు పొంగింది, మేం దాటినం. ఆఖరి ఖచ్చర్ కొట్టుకవోతుండె. దాని మీద దెబ్బ దాకినోడు ఉండె. బాలకిషన్ తాడు ఇడ్వలే. ముగ్గురు గల్సి పోయిండ్రు. నేను కండ్లార జూసిన. బాలకిషన్ పారిపోలే."

ఇంజనీరు అద్దం వెనక నుంచి బొటనవేలు ఎత్తాడు. దేశాయ్ గారు ముందుకు వంగి కూర్చుని ఉన్నారు. మొత్తం చిత్రంలో వ్యాఖ్యానం ఆగే చోటు ఇదొక్కటే ఉంటుందని, అన్ని భాషల ప్రింట్లలోనూ ఈ తెలుగు ఇలాగే ఉంటుందని అక్కడే చెప్పారు. నేను ఆ మాట యాదగిరికి చెబితే, ముడి విప్పుతూ, "పొద్దుగాలనే తాడు ఇచ్చుంటే అప్పుడే అయిపోవు గద సార్" అన్నాడు.

అప్పట్లో ప్రతి సినిమా హాలులో అసలు ఆట ముందు ఆమోదించిన డాక్యుమెంటరీ ఒకటి వేసి తీరాలన్న నియమం ఉండేది. జనం ఆ సమయాన్ని పల్లీలు కొనడానికి వాడుకునేవారు. మా చిత్రం ఉస్మాన్‌గంజ్ పక్కనున్న టాకీసుకు వచ్చిన వారం నేను సెలవు పెట్టి హైదరాబాదు వెళ్లాను. హాలు గోడ పొడవునా పాల క్యాన్లు వరుసగా పెట్టి ఉన్నాయి. కార్వాన్ పాలవాళ్లందరూ సాయంత్రం పాలు పోసి అటునుంచటే వచ్చారు. లోపల నేల టిక్కెట్టు నిండిపోయింది. రామచందర్ వాళ్ల మధ్యలో, ఒళ్లో తడిగుడ్డ మూటతో కూర్చున్నాడు. గుడికి ఇవ్వాల్సిన దండ ఇచ్చి మిగతావి అలాగే పట్టుకొచ్చాడట. నర్సింగ్ పహిల్వాన్ కుర్చీ క్లాసులో, చేతులు కట్టుకుని ఉన్నాడు.

బొమ్మ మొదలైంది. ఖచ్చర్లు కనిపించగానే ఈలలు. "అగో యాదగిరన్న చుట్టాలు" అని ఎవరో అన్నారు. "చుట్టాలు గాదురా, నీకన్న తెలివున్నయి" అన్నాడు యాదగిరి వెనక్కి తిరగకుండా. ఆయన మొహం తెర మీదికి వచ్చేసరికి హాలు దద్దరిల్లింది. వ్యాఖ్యాత గొంతు ఆగింది. ఈ లొల్లిలో ఆ మాటలు మునిగిపోతాయి. రామచందర్ తల పైకెత్తి వింటున్నాడు, ఏమీ వినపడటం లేదు. మొదటి వాక్యాలు అలాగే పోయాయి. బాలకిషన్ తాడు ఇడ్వలే అన్న దగ్గర మాత్రం ముందు వరసలు చప్పబడ్డాయి. ఆ చివరి మాట హాలంతా విన్నది.

కుర్చీ క్లాసులోంచి ఒక బొంగురు గొంతు లేచింది.

"వన్స్ మోర్."

నర్సింగ్ పహిల్వాన్ నిలబడి ఉన్నాడు. "లొల్లి బంద్ జెయ్యుండ్రి బే. ముసలాయనకు మొదాలు ఇనవడలే. వన్స్ మోర్."

ఇక హాలంతా అదే మాట. మేనేజరు పరుగున వచ్చాడు. పాటకైతే వన్స్ మోర్ విన్నాడు కానీ సర్కారు బొమ్మకు వినలేదు. ఆపరేటరు చిన్న కిటికీలోంచి తల బయటపెట్టి, రీలు వెనక్కి తిప్పాలంటే టైం పడుతుందన్నాడు. "పట్టనీ. మేం యాడికి పోతలేం" అన్నాడు పహిల్వాన్. రీలు తిప్పారు. రెండోసారి అంత పెద్ద హాలులో పల్లీ పొట్టు చప్పుడు కూడా లేదు. కిషన్‌బాగ్ రామచందర్ కొడుకు అన్న మాట వచ్చినప్పుడు ఆ ముసలాయన ఒళ్లోని మూట గట్టిగా పట్టుకున్నాడు.

పహిల్వాన్ అందరి ముందూ ఆయన దగ్గరికి వచ్చాడు. "దండ ఇయ్యి కాకా." తీసుకుని ఆయన మెడలోనే వేశాడు. "వచ్చే నెల మా తమ్ముని పెండ్లి. పూలన్నీ నువ్వే కట్టాలె. కాదనకు."

"కడ్త" అన్నాడు రామచందర్. "మల్లెలు దొరుకుడు జెర కష్టం. ముందుగాలనే చెప్పాలె." అంతే అన్నాడు. కానీ ఆ దండ తీయకుండానే అసలు సినిమా మొత్తం కూర్చుని విన్నాడు.

ఆ తరవాత మరో రెండు యుద్ధ చిత్రాలకు యాదగిరిని పిలిచారు. ఒకదానికి కెమెరా నాదే. ఎదురుగా నిలబడి ఆయన అడిగిన మొదటి ప్రశ్న, "ఇది మూగదా, మాటదా సార్?" మూగదన్నాను. "అయితే బర్రెల ముచ్చట చెప్త" అని, నిజంగా అదే చెప్పాడు. మొహంలో పట్టు ఏమీ తగ్గలేదు.

నేను నేర్చుకున్నవి రెండు. ఎదుటి మనిషి మాట పడుతుందో లేదో కెమెరా తిప్పక ముందే చెప్పాలి. చెబితే షాట్ చెడుతుందని మా సీనియర్లు నేర్పింది తప్పు. పదవీ విరమణ దాకా నేను చెప్పిన తరవాతే తీశాను, ఏ షాటూ చెడలేదు. రెండోది, ఫిల్ము మీద మాట పడకపోయినా కెమెరా వెనక ఉన్నవాడు వినాలి. ఆ పనికి సౌండు వ్యాను అక్కర్లేదు.